బాబాయి ఫ్రీజరు కోసం ఒక కంప్రెసర్ పరీక్ష: ప్రాజెక్టు డైరీ

మార్చి 9

బాబాయి దుకాణంలోని ఐస్‌క్రీము ఫ్రీజరు ప్రతి మే నెలలో మధ్యాహ్నం రెండు మూడు గంటల వేళ ఆగిపోతుంది. ఎండ దిగాక దానంతట అదే మళ్ళీ తిరుగుతుంది. మూడేళ్లుగా ఇదే వరస. ప్రతి ఏడూ ఒక మెకానిక్ వచ్చి, గ్యాసు తగ్గిందని చెప్పి, కొంత ఎక్కించి వెళ్తారు. నాకు ఈ మాట ఎప్పుడూ మింగుడుపడలేదు. అతుకులు వేసి మూసేసిన గొట్టాల్లో గ్యాసు ఖర్చయ్యే వస్తువు కాదు. తగ్గిందంటే ఎక్కడో కారుతున్నట్టు. కారేదైతే ఏడాది పొడుగునా కారాలి, మే నెలలోనే ఎందుకు కారుతుంది?

"నువ్వు మెకానికల్ చదివావు కదా నాన్నా, ఈసారి ఎండలు ముదరక ముందే దీని సంగతి చూడు" అన్నాడు బాబాయి. ఫ్రీజరు మీద ప్రయోగాలు చేస్తే అమ్మకం ఆగిపోతుంది. అందుకే దానిలో ఉన్నలాంటి కంప్రెసర్‌నే, అంటే గ్యాసును పీల్చి నొక్కి తోసే యంత్రాన్నే, విడిగా ఒక బల్ల మీద బిగించి, పీడనాలూ ఉష్ణోగ్రతలూ నా చేతిలో ఉంచుకుని, అది ఏ పరిస్థితిలో ఎంత చల్లదనం ఇస్తుందో, ఎంత కరెంటు తింటుందో కొలవాలని నిర్ణయించుకున్నాను.

మార్చి 16

విజయవాడ ఆటోనగర్‌లో పాత సామాను కొట్లన్నీ తిరిగితే పావు హార్స్‌పవర్ కంప్రెసర్ ఒకటి దొరికింది. చల్లదనాన్ని మోసే ఆర్-134ఎ అనే గ్యాసుది, పిస్టన్ రకం, మోటారూ సిలిండరూ ఒకే ఇనుప డొప్పలో మూసి ఉన్నవి. సిలిండరు ఒక విడతకు మింగే పరిమాణం 8 ఘన సెంటీమీటర్లు. మన 50 హెర్ట్జ్ కరెంటు మీద నిమిషానికి సుమారు 2,900 సార్లు తిరుగుతుంది. దాంతోపాటు వేడి ఆవిరిని చల్లార్చి ద్రవం చేసే, ఫ్యాను ఉన్న కండెన్సరు, ఆ ద్రవం నిలిచే చిన్న రిసీవరు, తేమను పట్టే డ్రయ్యరు, పీడనం చూపే గేజీలు రెండు, ఉష్ణోగ్రత కొలిచే కె-రకం థర్మోకపుల్‌లు ఆరు కొన్నాను.

ఫ్రీజరులో ద్రవం పీడనాన్ని తగ్గించే సన్నటి క్యాపిలరీ గొట్టాన్ని మాత్రం వద్దనుకున్నాను. అది ఒక్క పరిస్థితికే సరిపోతుంది. నాకు కావలసినప్పుడల్లా పీడనం మార్చుకోవాలి కాబట్టి, దాని స్థానంలో చేత్తో తిప్పే నీడిల్ వాల్వు పెట్టాను.

చల్లదనాన్ని ఎలా కొలవాలి అన్నదే అసలు ప్రశ్న. థర్మోకోల్ పెట్టెలో ఇరవై లీటర్ల స్టీలు డబ్బా, అందులో గ్యాసు మరిగే రాగి గొట్టపు చుట్ట, చుట్ట మునిగేలా ద్రవం, ద్రవంలో ఒక కరెంటు హీటరు. కంప్రెసర్ ఎంత వేడిని లాగుతుందో హీటరు సరిగ్గా అంతే ఇస్తే డబ్బా ఉష్ణోగ్రత కదలకుండా నిలుస్తుంది. అప్పుడు హీటరు వాట్లు చూస్తే చాలు, అదే చల్లదనం లెక్క. ప్రయోగశాలల్లో కంప్రెసర్లను పరీక్షించే క్యాలరీమీటర్ల వెనక ఉన్నదీ ఇదే సూత్రం. నాది వాటి పేద చుట్టం, అయినా సూత్రంలో తేడా లేదు.

మార్చి 23

అతుకులన్నీ వెండి కడ్డీతో వేశాను. తర్వాత నైట్రోజన్‌తో 150 పీఎస్‌ఐ (చదరపు అంగుళానికి పౌండ్లు) పీడనం ఎక్కించి రాత్రంతా ఉంచాను. పొద్దునకి గేజి ముల్లు కదలలేదు. ఈ పని మొదలుపెట్టే వారెవరికైనా ఒక మాట: ఈ పరీక్షకు ఆక్సిజన్ సిలిండరు ఎన్నడూ వాడవద్దు. కంప్రెసర్ నూనెతో కలిస్తే అది పేలుతుంది.

తర్వాత లోపలి గాలినీ తేమనూ లాగేయడానికి వ్యాక్యూమ్ పంపు రెండు గంటలు నడిపాను. ఆర్-134ఎ తో వాడే పాలియోల్ ఎస్టర్ నూనె గాలిలోని తేమను ఇట్టే పీల్చుకుంటుంది. అందుకే డొప్ప మూతలు తీసి ఉంచిన సమయం ఎంత తగ్గితే అంత మంచిది.

మార్చి 30

డబ్బాలో నీళ్లూ ప్రొపిలీన్ గ్లైకాల్ సగం సగం పోశాను. సున్నాకు ముప్పై డిగ్రీలు కింద కూడా ఇది గడ్డకట్టదు. అడుగూ పైభాగమూ ఒకే ఉష్ణోగ్రతలో ఉండాలని చేపల తొట్టెకు వాడే పంపు వేశాను. మైనస్ 12 దగ్గర ద్రవం ఆముదంలా చిక్కబడి పంపు ఆగిపోయింది. దాన్ని తీసేసి, పాత టేబుల్ ఫ్యాను మోటారుకు పొడవాటి కడ్డీ, స్టీలు రెక్కలు తగిలించి పైనుంచి దించాను. ఇది బాగా తిప్పుతోంది. తిప్పడం వల్ల ద్రవంలోకి దిగే వేడి కూడా లెక్కలోకి రావాలి. కొలిస్తే 6 వాట్లు వచ్చింది.

ఏప్రిల్ 6

ఈ రోజంతా పెట్టె గోడల్లోంచి దూరే వేడిని కొలవడానికే సరిపోయింది. కంప్రెసర్ ఆపి, డబ్బాను గది కన్నా 35 డిగ్రీలు వేడిగా నిలబెట్టడానికి 14 వాట్లు పట్టాయి. అంటే ఒక్కో డిగ్రీ తేడాకు 0.4 వాట్లు. డబ్బా మైనస్ 18 లో, గది 36 లో ఉంటే దాదాపు 22 వాట్ల వేడి గోడల గుండానే లోపలికి వస్తుంది. చిన్న కంప్రెసర్‌కు అది చిన్న మొత్తం కాదు. ఈ లెక్క వదిలేస్తే తర్వాత వచ్చే అంకెలన్నీ తప్పుతాయి.

ఏప్రిల్ 13

మొదటి పరుగు. లోపల గ్యాసు మరిగే ఉష్ణోగ్రత మైనస్ 10, కండెన్సరులో ద్రవంగా మారే ఉష్ణోగ్రత 45. గేజీల మీద బ్యాక్ ప్రెషర్ (కంప్రెసర్ పీల్చే వైపు పీడనం) 14 పీఎస్‌ఐ, హెడ్ ప్రెషర్ (అది తోసే వైపు పీడనం) 154. హీటరు, గోడలు, రెక్కలు మూడూ కలిపి 318 వాట్ల చల్లదనం. కంప్రెసర్ తీసుకున్న కరెంటు 166 వాట్లు. పెట్టిన ప్రతి వాటుకూ 1.92 వాట్ల వేడిని బయటికి తోసిందన్నమాట.

పీడనాల నిష్పత్తి లెక్క కట్టబోయి మొదట పొరబడ్డాను. 154 ని 14 తో భాగిస్తే 11 వచ్చింది. కానీ గేజి చూపేది గాలి పీడనానికి పైన ఉన్నది మాత్రమే. సిలిండరుకు గేజితో పని లేదు. దానికి తెలిసింది అసలు పీడనం, అంటే గేజి అంకెకు 14.7 కలిపినది. అలా చేస్తే నిష్పత్తి 5.8. ఈ పొరపాటు చాలామంది చేస్తారు. బ్యాక్ ప్రెషర్ సున్నాకు దగ్గరపడే ఫ్రీజర్లలో అయితే అది ఊహకందని అంకెలు పుట్టిస్తుంది. గేజి మీద 2 పీఎస్‌ఐ, 200 పీఎస్‌ఐ ఉంటే నిష్పత్తి నూరు కాదు, పదమూడు.

1824లో ఫ్రెంచి ఇంజనీరు సాది కార్నో వేసిన హద్దు ప్రకారం ఈ రెండు ఉష్ణోగ్రతల మధ్య ఏ యంత్రమూ పెట్టిన వాటుకు 4.78 వాట్లను మించి ఇవ్వలేదు. నాది అందులో నలభై శాతం అందుకుంది. పాత సామాను కొట్లో దొరికిన కంప్రెసర్‌కు ఇది గౌరవప్రదమైన అంకె అనుకుంటున్నాను.

ఏప్రిల్ 20

ఈ వారం వేడి వైపు. లోపలి ఉష్ణోగ్రతను మైనస్ 10 లోనే కదలకుండా పట్టుకుని, కండెన్సరుకు అట్టముక్కలు అడ్డం పెట్టి హెడ్ ప్రెషర్ పెంచుతూ పోయాను. దుకాణాల్లో ఫ్రీజరు వెనక దుమ్ము పేరుకుంటే జరిగేది అచ్చం ఇదే.

202 పీఎస్‌ఐ దగ్గర, అంటే 55 డిగ్రీల దగ్గర, చల్లదనం 266 వాట్లకు పడింది. కరెంటు 185 వాట్లకు పెరిగింది. పెట్టిన వాటుకు రాబడి 1.92 నుంచి 1.44 కు దిగింది. పది డిగ్రీలకు నాలుగో వంతు నష్టం. డిగ్రీకి రెండు మూడు శాతం అని ఈ రంగంలో అందరూ చెప్పుకునే మాట నా బల్ల మీదా నిజమైంది.

కరెంటు పెరగడానికీ చల్లదనం తగ్గడానికీ కారణాలు వేరువేరు. ఎక్కువ పీడనానికి తోయాలి కాబట్టి మోటారుకు పని పెరుగుతుంది. ఇది సులభంగా తెలుస్తుంది. చల్లదనం తగ్గడానికి ఒక కారణం కండెన్సరు దాటి వచ్చే ద్రవం వేడిగా ఉండడం. నీడిల్ వాల్వు దాటగానే ఆ ద్రవంలో కొంత భాగం తనను తాను చల్లబరచుకోవడానికే మరిగిపోతుంది. డబ్బాను చల్లబరచడానికి మిగిలేది తక్కువ. మిగతా కారణం సిలిండరు లోపల ఉంది. దాన్ని వచ్చే వారం చల్లటి వైపు పరీక్షలో స్పష్టంగా చూడవచ్చు.

ఇంకో సంగతి. మధ్యాహ్నం షెడ్డులో 39 డిగ్రీలుంటే, ఫ్యాను పూర్తిగా తిప్పినా 45 డిగ్రీల కండెన్సరును నిలబెట్టలేకపోయాను. ఆ పరీక్షలన్నీ తెల్లవారుజామున నాలుగింటికి లేచి చేస్తున్నాను. కంప్రెసర్ కేటలాగుల్లో అంకెలను సాధారణంగా 32 డిగ్రీల గదిని అనుకుని ఇస్తారు. మే నెల మధ్యాహ్నం విజయవాడలో ఆ గదిని ఎక్కడ వెతుక్కోవాలి?

ఏప్రిల్ 27

ఇన్నాళ్ల శ్రమలో నాకు అన్నిటికన్నా ఎక్కువ నేర్పింది ఈ రోజు. కండెన్సరును 45 దగ్గర నిలబెట్టి, లోపలి ఉష్ణోగ్రతను మైనస్ 10 నుంచి మైనస్ 25 కు దించాను. బ్యాక్ ప్రెషర్ ఒక పీఎస్‌ఐ కూడా లేదు.

చల్లదనం 318 వాట్ల నుంచి 128 కి పడిపోయింది. అరవై శాతం మాయమైంది. వేడి వైపు పది డిగ్రీలు పెంచితే 52 వాట్లు పోయాయి, అంటే డిగ్రీకి అయిదు వాట్లు. చల్లటి వైపు ఒక్కో డిగ్రీకీ పన్నెండు వాట్లకు పైగా పోతున్నాయి. మెకానిక్కులూ మేమూ అందరం హెడ్ ప్రెషర్ గురించే బెంగపడతాం. కానీ కంప్రెసర్ కడుపు నిండేది బ్యాక్ ప్రెషర్‌తోనే.

కారణం బరువులో ఉంది. సిలిండరు ప్రతి విడతా మింగేది అదే 8 ఘన సెంటీమీటర్లు. కానీ మైనస్ 10 దగ్గర ఆవిరి సాంద్రత ఘనపు మీటరుకు 10 కిలోలైతే, మైనస్ 25 దగ్గర అయిదున్నర కిలోలే. అదే గుక్కలో సగం తిండి. చల్లదనాన్ని మోసేది ఆవిరి పరిమాణం కాదు, బరువు.

అది సగం కథ. మిగతా సగం పిస్టన్ పైన ఉండే సన్నటి ఖాళీది. పిస్టన్ పైకి వచ్చినప్పుడు వాల్వు పలకను తాకకుండా ఆ కొంచెం జాగా వదలాలి. అందులో అధిక పీడనపు ఆవిరి కాస్త ఇరుక్కుంటుంది. పిస్టన్ దిగుతుంటే ముందు ఈ పాత ఆవిరి వ్యాకోచించి, పీడనం బ్యాక్ ప్రెషర్ స్థాయికి పడిన తర్వాతే కొత్త ఆవిరికి తలుపు తెరుచుకుంటుంది. ఆ ఖాళీ సిలిండరులో 3 శాతం అనుకుని లెక్కిస్తే, నిష్పత్తి 5.8 ఉన్నప్పుడు పిస్టన్ ప్రయాణంలో ఎనిమిదో వంతు వృథా అవుతుంది. నిష్పత్తి 14 అయితే దాదాపు మూడో వంతు. పోయిన వారం హెడ్ ప్రెషర్ పెంచినప్పుడు చల్లదనం తగ్గడానికి మిగిలిన కారణం ఇదే.

కరెంటు మీటరు మాత్రం నన్ను చాలాసేపు తికమక పెట్టింది. మైనస్ 25 దగ్గర కంప్రెసర్ 116 వాట్లే తీసుకుంది. ముందు 166 తీసుకునేది. మీటరు ఒక్కటే చూసేవారు యంత్రం హాయిగా నడుస్తోందని అనుకుంటారు. నిజానికి ఆవిరి తక్కువ మింగుతోంది కాబట్టి తక్కువ తోస్తోంది. పెట్టిన వాటుకు రాబడి 1.10 కి దిగింది. ఆంపియర్లు తగ్గడం మంచి లక్షణమని ఇన్నేళ్లుగా నమ్మినవాణ్ణి నేను. ఆ నమ్మకాన్ని ఈ రోజు వదులుకున్నాను.

దీనికి తిరగబడిన సంగతి కూడా చూశాను. పరీక్ష మొదట్లో డబ్బా గది ఉష్ణోగ్రతలో ఉన్నప్పుడు ఆవిరి చిక్కగా వచ్చి, కంప్రెసర్ 230 వాట్లు దాటింది. బాబాయి మధ్యాహ్నం పన్నెండింటికి కొత్త సరుకంతా ఒకేసారి ఫ్రీజరులో పేరుస్తాడు. అతి వేడి వేళలో మోటారు మీద అతి పెద్ద బరువు పడుతోందన్నమాట.

మే 4

నిన్న మైనస్ 30 ప్రయత్నించాను. ఆర్-134ఎ మామూలు గాలి పీడనంలో మైనస్ 26 దగ్గర మరుగుతుంది. అంతకన్నా చల్లగా పోవాలంటే బ్యాక్ ప్రెషర్ గాలి పీడనం కన్నా తగ్గాలి. గేజి ముల్లు సున్నా దాటి అయిదు అంగుళాల (పాదరసం కొలతలో) వ్యాక్యూమ్‌లోకి వెళ్ళింది. మూడు గంటలు అలాగే నడిపాను.

ఈ రోజు 45 డిగ్రీల పరీక్షను మళ్ళీ చేద్దామంటే అంకెలు కలవడం లేదు. కండెన్సరు గొట్టం 45 డిగ్రీలే ఉంది, గేజి మాత్రం 154 కు బదులు 170 పీఎస్‌ఐ చూపుతోంది. లోపలికి గాలి వెళ్ళిందేమోనని అనుమానం.

దాన్ని తేల్చే పద్ధతి ఒకటుంది. యంత్రం ఆపి, అంతా గది ఉష్ణోగ్రతకు వచ్చాక గేజి చూడాలి. లోపల ద్రవం కొంచెమైనా మిగిలి ఉంటే పీడనం ఆ ఉష్ణోగ్రతకు తగినంతే ఉండాలి. ఎక్కువ ఉంటే, ఆ ఎక్కువంతా గాలిదే. ఇక్కడ తొందరపడితే మోసపోతాం. డబ్బా ఇంకా చల్లగా ఉంటే గ్యాసంతా అక్కడికే చేరి, పీడనాన్ని ఆ చల్లటి మూలే నిర్ణయిస్తుంది. అందుకే హీటరుతో డబ్బాను గదితో సమానం చేసి రాత్రంతా వదిలేశాను.

మే 5

తెల్లవారుజామున షెడ్డులో 31 డిగ్రీలు. ఆర్-134ఎ ఏ ఉష్ణోగ్రతకు ఎంత పీడనమో చెప్పే పట్టిక ప్రకారం 100 పీఎస్‌ఐ ఉండాలి, గేజి 112 చూపింది. గాలే.

సబ్బు నురగతో ప్రతి అతుకూ వెతికితే బ్యాక్ ప్రెషర్ వైపు గొట్టాన్ని బిగించే ఒక ఫ్లేర్ నట్టు దగ్గర బుడగలు వచ్చాయి. నైట్రోజన్ పరీక్షలో నిలిచిన నట్టు, నెలన్నర అదురుకు వదులైంది. లోపల పీడనం బయటికన్నా తగ్గిన ఆ మూడు గంటల్లో గాలిని పీల్చుకుంది. గ్యాసును విడి గ్యాసు సిలిండరులోకి వెనక్కి తీసి, నట్టు స్థానంలో వెండి అతుకు వేసి, మళ్ళీ వ్యాక్యూమ్ చేశాను. ఆర్-134ఎ ఒక్క కిలో గాలిలోకి వదిలితే భూమిని వేడెక్కించడంలో అది 1,430 కిలోల కార్బన్ డయాక్సైడుకు సమానం. నేను ఎక్కించినది అరకిలో కూడా లేదు, అయినా వాల్వు విప్పి వదిలేయడానికి మనసొప్పలేదు.

మే 11

రెండు కష్టాలూ కలిపి పెట్టాను. లోపల మైనస్ 25, బయట 55. నిష్పత్తి 14. చల్లదనం 102 వాట్లు, కరెంటు 121 వాట్లు. పెట్టిన దానికన్నా రాబడి తక్కువైన పరిస్థితి ఇదొక్కటే. బాబాయి ఫ్రీజరు మే నెలలో నివసించేది సరిగ్గా ఈ మూలలోనే.

అంతకన్నా భయపెట్టింది డిశ్చార్జి గొట్టం, అంటే కంప్రెసర్ నుంచి వేడి ఆవిరి బయటికి వచ్చే గొట్టం. మైనస్ 10, 45 పరీక్షలో అది 82 డిగ్రీలుంది. ఇప్పుడు 106. కంప్రెసర్‌కు ఆరంగుళాల దూరంలో గొట్టం 107 డిగ్రీలు దాటకూడదన్నది ఈ పనిలో పాత హద్దు, ఎందుకంటే లోపల వాల్వు దగ్గర వేడి అంతకన్నా చాలా ఎక్కువ ఉంటుంది. అక్కడ నూనె మాడి బొగ్గులా వాల్వులకు పట్టుకుంటుంది. పైగా ఈ డొప్పలో మోటారును చల్లబరచేది తిరిగి వచ్చే ఆవిరే. ఆవిరి పలచబడ్డ వేళ మోటారుకు చల్లదనమూ కరువే. కరెంటు తక్కువ తీసుకుంటూనే కంప్రెసర్ కాలిపోవడం ఎలా జరుగుతుందో ఇప్పుడు కళ్ళారా చూశాను. మోటారు మరీ వేడెక్కితే కరెంటు ఆపేసే ఓవర్‌లోడ్ ప్రొటెక్టరు తెగి ఆగిపోయేంతలో నేనే ఆపాను.

సాయంత్రం తిరుగు గొట్టానికి నురగ తొడుగు వేసి మళ్ళీ కొలిచాను. ఆవిరి 31 డిగ్రీలకు బదులు 12 డిగ్రీల్లో కంప్రెసర్ చేరింది. చల్లదనం నాలుగు శాతం పెరిగింది, డిశ్చార్జి తొమ్మిది డిగ్రీలు తగ్గింది. తొడుగు వెల ఒక పూట భోజనం ఖర్చు కూడా లేదు.

మే 18

మధ్యాహ్నం రెండున్నర, బాబాయి దుకాణం. ఫ్రీజరులో హెడ్ ప్రెషర్ గేజి పెట్టే చోటు లేదు. ఆ అవసరమూ లేదు. కండెన్సరు మధ్య వంపులో ద్రవమూ ఆవిరీ కలిసి ఉంటాయి కాబట్టి అక్కడి ఉష్ణోగ్రత తెలిస్తే పీడనం తెలిసినట్టే. థర్మోకపుల్ అతికిస్తే 63 డిగ్రీలు చూపింది. పట్టికలో అది 245 పీఎస్‌ఐ దాటుతుంది. దుకాణంలో 40 డిగ్రీలుంటే, గోడకూ ఫ్రీజరుకూ మధ్య సందులో 48 ఉంది. ఫ్రీజరు తాను వదిలిన వేడిగాలినే మళ్ళీ పీల్చుకుంటోంది.

బాబాయీ నేనూ కలిసి ఫ్రీజరును గోడ నుంచి జానెడు పైగా ముందుకు జరిపాం. కండెన్సరు రెక్కల మధ్య మూడేళ్ల దుమ్ము దుప్పటిలా ఉంది. బ్రష్షుతో, ఊదే మిషనుతో శుభ్రం చేసి, తిరుగు గొట్టానికి తొడుగు వేశాను. గంట తర్వాత కండెన్సరు చుట్టూ గాలి 41 డిగ్రీలు, మధ్య వంపు 54. పీడనం 196 పీఎస్‌ఐకి దిగినట్టు. నా బల్ల మీద దాదాపు ఇంతే తేడాకు చల్లదనంలో అయిదో వంతు మారింది.

"మరి గ్యాసు తగ్గిందని అన్నారే?" అని బాబాయి అడిగాడు.

"తగ్గలేదు బాబాయ్, మూడేళ్లు ఎక్కించారు కాబట్టి ఇప్పుడు ఎక్కువే ఉండి ఉంటుంది. ఎక్కువైన ద్రవం కండెన్సరులో జాగా ఆక్రమిస్తే పీడనం ఇంకా పెరుగుతుంది" అన్నాను. ఉన్న గ్యాసంతా విడి గ్యాసు సిలిండరులోకి తీసి, తూచి, ఫ్రీజరు ప్లేటు మీద రాసినంతే తిరిగి ఎక్కించే పని వచ్చే ఆదివారానికి పెట్టుకున్నాం. కొత్త సరుకు రాత్రి కొట్టు కట్టే ముందు పేరుస్తానని బాబాయి ఒప్పుకున్నాడు.

సాయంత్రం ఆరు దాకా ఫ్రీజరు ఒక్కసారీ ఆగలేదు. థర్మోకపుల్‌ను అక్కడే ఉంచి వచ్చాను. మధ్య వంపు 58 దాటితే ఫోను చేయమన్నాను.